బధిర శిశువుకు ముందు భాష అందనివ్వండి: వైద్యులకు, వినికిడి నిపుణులకు, పరిశోధకులకు ఒక బహిరంగ లేఖ

గౌరవనీయులైన శిశువైద్యులకు, ఆడియాలజిస్టులకు, స్పీచ్ థెరపిస్టులకు, బధిర శిశువుల ఎదుగుదలపై పరిశోధన చేస్తున్న శాస్త్రవేత్తలకు,

నమస్కారం. నేను బధిర పిల్లల బడిలో చాలాకాలంగా మొదటి తరగతికి పాఠాలు చెబుతున్న ఉపాధ్యాయురాలిని. మీరు పరీక్షించి పంపిన పిల్లలే కొన్నేళ్ల తరువాత నా తరగతికి వస్తారు. పుట్టిన కొద్ది రోజులకు మీరు చేసే వినికిడి పరీక్షకూ, ఐదారేళ్ల వయసులో ఆ బిడ్డ నా తరగతి గుమ్మంలో నిలబడే రోజుకూ మధ్య గడిచే కాలమే ఈ లేఖకు విషయం. ఆ కాలంలో ఏం జరగాలో చెప్పే పరిశోధన కొరత లేకుండా ఉంది. అందులో చాలా భాగం మీ రంగంవారే ఏళ్ల తరబడి శ్రమపడి సంపాదించి పెట్టినది. అయితే అది తల్లిదండ్రుల చెవిన పడేసరికి సగమే మిగులుతోంది. మిగతా సగం గురించి మీతో మాట్లాడాలని రాస్తున్నాను.

కొన్నేళ్ల కిందట ఒక పాప ఆరేళ్లు నిండాక మా బడికి వచ్చింది. ఆమెతోపాటు వచ్చిన ఫైలు చాలా లావుగా ఉంది. అందులో ఏడాదికి రెండు మూడు చొప్పున, వినికిడిని కొలిచి గీసిన పటాలు, అంటే ఆడియోగ్రామ్‌లు ఉన్నాయి. వినికిడి యంత్రాన్ని ఎన్నిసార్లు సరిచేశారో, ఏ ఫ్రీక్వెన్సీ దగ్గర ఎన్ని డెసిబెల్స్‌కు పాప స్పందించిందో, ఏ ధ్వనిని ఎన్ని నెలల సాధన తరువాత పలికిందో తేదీలతో సహా రాసి ఉంది. ఆ బిడ్డకు ఏ భాష వచ్చు, అందులో ఎన్ని మాటలు తెలుసు, రెండు మాటలు కలిపి ఒక ఆలోచన చెప్పగలదా అన్న ప్రశ్నలకు మాత్రం ఫైలంతా వెతికినా ఒక్క పంక్తి దొరకలేదు. మొదటి వారాల్లో ‘నిన్న’ అంటే ఏమిటో ఆమెకు చెప్పాలని ఎన్నో విధాల ప్రయత్నించి ఓడిపోయాను. ఒక వస్తువును చూపించి సైగ చేస్తే వస్తువు వంక చూసేది, నా చేతి వంక చూసేది, ఆ రెండింటికీ ఏదో సంబంధం ఉందన్న సంగతి ఆమెకు తట్టేది కాదు. తెలివికి లోటేమీ లేదు. బొమ్మల ముక్కలు పేర్చడంలో తరగతిలో ఆమెను మించినవారు లేరు. పాపకు కడుపునొప్పి వస్తే మీకెలా తెలుస్తుందని తల్లిని అడిగాను. “ఏడుస్తుంది టీచర్. ఎక్కడ నొప్పో మేమే ఒక్కోచోట నొక్కి చూసుకుంటాం” అన్నారు. సైగలు అలవాటైతే ఇక నోట మాట రాదని ఆమెకు ఒక నిపుణుడు చెప్పారట. ఆ మాటకు కట్టుబడి, పాప చెయ్యెత్తి ఏదైనా చూపించబోయినప్పుడల్లా ఆ చేతిని కిందికి దించానని చెప్పి ఆ తల్లి తలవంచుకున్నారు. నాకూ ఆమె ముఖంలోకి చూసే ధైర్యం చాలలేదు. ఆమె చేసిన తప్పు లేదు. నమ్మదగినవారు చెప్పిన మాటను నమ్మారు, అంతే.

మీ రంగం సాధించినదాన్ని తక్కువ చేయడం నా ఉద్దేశం కాదని ముందే చెప్పాలి. పుట్టే ప్రతి వెయ్యి మందిలో ఒకరి నుంచి ముగ్గురి దాకా శాశ్వతమైన వినికిడి లోపంతో పుడతారు. ఒకప్పుడు ఆ సంగతి బిడ్డకు రెండు మూడేళ్లు వచ్చినా బయటపడేది కాదు. పిలిస్తే పలకడం లేదని అమ్మమ్మో నాయనమ్మో అనుమానపడితే తప్ప ఎవరూ పరీక్షకు తీసుకువెళ్లేవారు కారు. లోపలి చెవి తానుగా సన్నని ధ్వనులను వెలువరిస్తుందని 1978లో డేవిడ్ కెంప్ కనిపెట్టాక, నిద్రపోతున్న పసికందు చెవిలో చిన్న గొట్టం ఉంచి నిమిషాల్లో పరీక్షించే వీలు కలిగింది. నెలలోపు పరీక్ష, మూడు నెలల్లోపు నిర్ధారణ, ఆరు నెలల్లోపు సహాయం అన్న నియమం దాని తరువాత వచ్చింది. ఈ నియమానికి బలమిచ్చిన అధ్యయనాల్లో ముఖ్యమైనది క్రిస్టీన్ యోషినాగా-ఇటానో, ఆమె సహచరులు అమెరికాలోని కొలరాడోలో చేసి 1998లో ప్రకటించినది. ఆరు నెలల్లోపు వినికిడి లోపం బయటపడి వెంటనే సహాయం అందిన పిల్లలు, ఆ తరువాత గుర్తింపు పొందిన పిల్లలకన్నా భాషలో స్పష్టంగా ముందున్నారని అది చూపింది.

ఆ అధ్యయనాన్ని మీరంతా చదివే ఉంటారు. దాని సారాంశంలోని ఒక సంగతి మాత్రం సలహాల గదుల దాకా రావడం లేదు. తొందరగా గుర్తించినందువల్ల కలిగిన మేలు, నోటి మాటతో పెరిగిన పిల్లల్లోనూ సైగలు కలిపి వాడిన పిల్లల్లోనూ కనిపించింది. వినికిడి లోపం కొద్దిగా ఉన్నవారిలోనూ, పూర్తిగా ఉన్నవారిలోనూ కనిపించింది. అంటే ఆ ఆరు నెలల గడువు ఏదో ఒక యంత్రానికో, ఒక శిక్షణ పద్ధతికో చెందినది కాదు. బిడ్డకు అర్థమయ్యే రీతిలో ఇంట్లోవారు బిడ్డతో మాట్లాడటం మొదలుపెట్టవలసిన గడువు అది. మనం దాన్ని యంత్రం బిగించవలసిన గడువుగా కుదించుకున్నాం.

చెవికి ఒక గడువు ఉన్న మాట నిజమే. 2002లో అను శర్మ, ఆమె సహచరులు ప్రచురించిన పరిశోధన, మూడున్నరేళ్ల లోపు కాక్లియర్ ఇంప్లాంట్ (లోపలి చెవిలో శస్త్రచికిత్సతో అమర్చే వినికిడి పరికరం) అమర్చిన పిల్లల మెదడు శబ్దానికి దాదాపు వయసుకు తగినట్టు స్పందిస్తుందనీ, ఏడేళ్లు దాటాక అమరిస్తే ఆ స్పందన చాలామందిలో సరైన తీరుకు రాదనీ చూపింది. ఈ ఫలితాన్ని తల్లిదండ్రులకు మీరు చెబుతారు, చెప్పాలి కూడా. దానితోపాటు భాషకు ఉన్న గడువును ఎందుకు చెప్పరు? 1990లో ఎలిసా న్యూపోర్ట్ ప్రచురించిన అధ్యయనాన్ని తీసుకోండి. అమెరికన్ సంజ్ఞా భాషను ముప్పై ఏళ్లకు పైగా రోజూ వాడుతున్న పెద్దలను ఆమె పరీక్షించారు. పుట్టుక నుంచి ఆ భాషలో పెరిగినవారు, నాలుగు నుంచి ఆరేళ్ల మధ్య మొదలుపెట్టినవారు, పన్నెండేళ్లు దాటాక మొదలుపెట్టినవారు అని మూడు బృందాలు. ముప్పై ఏళ్ల వాడకం తరువాత కూడా, వ్యాకరణం మీద పట్టులో ఆ మూడు బృందాలూ వారు భాషలోకి అడుగుపెట్టిన వయసు వరుసలోనే నిలిచాయి. అనుభవం ఎంత పెరిగినా, తొలి ఏళ్లలో జరిగిన నష్టాన్ని అది పూడ్చలేకపోయింది.

నాకు అన్నిటికన్నా లోతుగా తగిలిన పరిశోధన రేచెల్ మేబెరీ బృందం 2002లో ప్రకటించినది. దాని కూర్పు అందంగా ఉంటుంది, కనుక కొంచెం వివరంగా చెబుతాను. ఇంచుమించు ఒకే వయసులో, బడికి వచ్చాక సంజ్ఞా భాష నేర్చుకున్న రెండు రకాల బధిరులను ఆమె పోల్చారు. ఒక రకంవారు వినగలిగి పుట్టి, చిన్నతనంలో మాటలు నేర్చుకుని, ఆ తరువాత వినికిడి పోగొట్టుకున్నవారు. రెండోరకంవారు పుట్టు బధిరులు, బడికి వచ్చేవరకు ఏ భాషా సరిగా అందనివారు. ఇద్దరికీ సంజ్ఞా భాష ఆలస్యంగానే వచ్చింది. అయినా మొదటివారు అందులో బాగా రాణించారు, రెండోవారు సంక్లిష్టమైన వాక్యాల దగ్గర తడబడ్డారు. తరువాత ఇంగ్లీషులో కూడా పరీక్షించారు. పసితనంలో సంజ్ఞా భాషతో పెరిగిన బధిరులు, వేరొక నోటి భాషతో పెరిగి తరువాత ఇంగ్లీషు నేర్చుకున్న వినగలిగినవారితో దాదాపు సమంగా నిలిచారు. పసితనంలో ఏ భాషా అందనివారు ఈ ఇద్దరికంటే వెనుకబడ్డారు. అంటే చెవితో అందినా కంటితో అందినా, తొలి ఏళ్లలో అందిన మొదటి భాష తరువాత నేర్చే ప్రతి భాషకూ పునాది అవుతుంది. ఆ పునాది లేకుండా వచ్చిన బిడ్డకు నేను రెండో భాష నేర్పడం లేదు. ఆరేళ్ల వయసులో మొదటి భాష నేర్పుతున్నాను. ఈ రెండు పనులకూ పోలికే లేదని తరగతిలో నిలబడ్డవారెవరైనా చెబుతారు.

సంజ్ఞా భాష నిజంగా భాషేనా అన్న సందేహం ఇంకా అక్కడక్కడ వినపడుతుంది కాబట్టి దాని గురించి రెండు మాటలు. విలియం స్టోకీ 1960లోనే, ఒక్కో సైగ చేతి ఆకృతి, అది చేసే చోటు, కదలిక అనే చిన్న అంశాల కలయిక అని చూపించి, మాటలు ధ్వనులుగా విడిపోయినట్టే సైగలూ విడిపోతాయని నిరూపించారు. 1991లో లారా పెటిటో, పౌలా మారెంటెట్ బధిర తల్లిదండ్రుల ఇంట పెరుగుతున్న బధిర శిశువులను గమనించి, వినగలిగిన పసివారు ‘బబ్బబ్బ’ అని పలికే వయసులోనే వీరు చేతివేళ్లతో అర్థంలేని అక్షరాల వంటివి కూడబలుకుతున్నారని రాశారు. వేళ్లతో ఊసులాడే బిడ్డను ఒక్కసారి చూసినవారికి ఈ వాదన మళ్లీ వినవలసిన పని ఉండదు.

ఇంత తెలిసీ ఆ చేతులను ఎందుకు కిందికి దించుతున్నాం? దీనికి పాత చరిత్ర ఉంది. 1880లో మిలాన్ నగరంలో జరిగిన బధిర విద్యా మహాసభ, బడుల్లో నోటి మాట పద్ధతే ఉండాలని తీర్మానించింది. ఆ తీర్మానానికి ఓటు వేసినవారిలో దాదాపు అందరూ వినగలిగినవారే. దాని ప్రభావంతో ఎన్నో దేశాల బడుల్లో సైగలు నిషేధమయ్యాయి, బధిర ఉపాధ్యాయుల ఉద్యోగాలు పోయాయి. ఆ పద్ధతి ఫలితం ఏమిటో రూబెన్ కాన్రాడ్ 1979లో లెక్కగట్టారు. ఇంగ్లండ్, వేల్స్‌లలో పదిహేను పదహారేళ్ల వయసులో బడి ముగిస్తున్న బధిర విద్యార్థుల మధ్యస్థ పఠన స్థాయి తొమ్మిదేళ్ల పిల్లల స్థాయిలోనే ఉందని ఆయన చూపించారు. మిలాన్ తీర్మానాలను ఆ మహాసభ పరంపరకే చెందిన అంతర్జాతీయ సభ 2010లో, కెనడాలోని వాంకూవర్‌లో తిరస్కరించి విచారం తెలిపింది. నూట ముప్పై ఏళ్లు పట్టింది. నాలుగైదు తరాల పిల్లల బాల్యాలు ఆ కాలంలో కలిసిపోయాయి.

భాష అందకపోవడం వల్ల జరిగే నష్టం మాటల లెక్కతో ఆగదు. ఎదుటి మనిషి మనసులో తనకు తెలిసినదానికి భిన్నమైన నమ్మకం ఉండవచ్చునన్న ఎరుక పిల్లలకు సాధారణంగా నాలుగేళ్ల ప్రాంతంలో వస్తుంది. వినగలిగిన తల్లిదండ్రుల ఇంట సంజ్ఞా భాష లేకుండా పెరిగిన బధిర పిల్లలకు అది ఎన్నో ఏళ్లు ఆలస్యమవుతుందని 1995లో పీటర్సన్, సీగల్ చూపించిన తరువాత అనేక పరిశోధనలు వచ్చాయి. సంజ్ఞా భాష వాడే బధిర తల్లిదండ్రుల పిల్లల్లో ఆ ఆలస్యం లేదు. కాబట్టి చెవి వినకపోవడం దానికి కారణం కాదు. నికరాగువా దేశంలో 1970ల చివరి నుంచి బధిర పిల్లలు ఒకచోట చేరాక కొత్త సంజ్ఞా భాష ఒకటి వారి మధ్యనే పుట్టింది. మొదటి తరం పిల్లలకు దొరికింది పలచటి సైగలు, వారి వెనుక వచ్చినవారికి దొరికింది చిక్కబడ్డ భాష. జెనీ పయర్స్, ఆన్ సెంగాస్ 2009లో ప్రకటించిన అధ్యయనంలో, వయసులో పెద్దవారైన మొదటి తరంవారు ఇతరుల తప్పు నమ్మకాలను ఊహించే చిన్న పరీక్షలో తమ వెనుక వచ్చిన చిన్నవారికన్నా వెనుకబడ్డారు. కొన్నేళ్లకు వారు ‘తెలుసు’, ‘అనుకున్నాడు’ వంటి మాటలను సంపాదించుకున్నాక ఆ పరీక్షలో మెరుగుపడ్డారు. పెళ్లీడు దాటిన మనుషులు ఒక క్రియాపదం దొరికాక ఎదుటివారి మనసును మరింత బాగా చదవగలిగారన్నది నా మనసును ఇప్పటికీ వదలని విషయం.

నా తరగతిలో ఇది రోజూ కనిపిస్తుంది. ఒక పిల్లవాడు మరొకడి పెన్సిల్ తీసుకుంటే అది పొరపాటా, దొంగతనమా అని విడదీసి చూడలేక కొట్లాటకు దిగే పిల్లలు ఉంటారు. వారిని మొండివారనీ, అల్లరివారనీ రాసిన నివేదికలు ఫైళ్లలో ఉంటాయి. దృష్టి నిలపడం, తొందరను అదుపు చేసుకోవడం వంటి సామర్థ్యాల లోపానికి వినికిడి లేకపోవడమే కారణమని చాలాకాలం అనుకున్నారు. పుట్టుక నుంచి సంజ్ఞా భాష ఉన్న బధిర పిల్లల్లో ఆ లోపం కనబడలేదని మాథ్యూ హాల్, ఆయన సహచరులు 2017లో రాశారు. వినగలిగిన పిల్లలు ఎవరూ నేర్పకుండా నేర్చుకునేది కూడా తక్కువేమీ కాదు. భోజనాల దగ్గర పెద్దలు మాట్లాడుకునేది పక్కన కూర్చుని వింటూ, ఎవరికి జబ్బు చేసిందో, ఎవరు ఎందుకు అలిగారో, ఏ పని చేస్తే ఏమవుతుందో వారు గ్రహిస్తారు. అదే పీటపై కూర్చున్న బధిర బిడ్డ అందరూ నవ్వినప్పుడు ఎందుకు నవ్వారని అడిగితే, ‘తరువాత చెబుతాను’ అని సైగ చేసి ఊరుకునే ఇళ్లు ఎన్నో.

ఇక కాక్లియర్ ఇంప్లాంట్ సంగతి. దాన్ని వ్యతిరేకించే ఉద్దేశం నాకు లేదు. నా తరగతిలో దానివల్ల చక్కగా వింటూ మాట్లాడుతున్న పిల్లలు ఉన్నారు, వారిని చూసి నాకు సంతోషమే. నా అభ్యంతరమంతా దాని చుట్టూ అల్లుకున్న మాటతోనే. జాన్ నిపార్కో బృందం 2010లో ప్రకటించిన అధ్యయనం ఐదేళ్లలోపు ఇంప్లాంట్ పొందిన 188 మంది పిల్లలను మూడేళ్లపాటు అనుసరించింది. ఏడాదిన్నరలోపు అమర్చినవారు మిగతావారికన్నా మెరుగ్గా ఎదిగారు. వినగలిగిన పిల్లలతో పోలిస్తే మాత్రం మొత్తం మీద వెనుకబడే ఉన్నారు, పిల్లవాడికీ పిల్లవాడికీ మధ్య తేడా చాలా ఎక్కువ. తల్లీబిడ్డల మధ్య మాటామంతీ బాగున్న చోట ఎదుగుదల వేగంగా ఉందని కూడా అదే అధ్యయనం చెప్పింది. సర్టిఫికెట్లో ‘విజయవంతం’ అని రాసే ముందు ఈ తేడాను మనం తల్లిదండ్రులకు చెప్పాలి. ఏ బిడ్డ ఏ వైపు పడుతుందో శస్త్రచికిత్సకు ముందు ఎవరూ కచ్చితంగా చెప్పలేరు. ఫలితం తేలే నాటికి భాష గడువులో విలువైన భాగం గడిచిపోతుంది. శస్త్రచికిత్సకు ముందు నెలలు, యంత్రాన్ని సవరించే నెలలు, స్నానం చేసేటప్పుడు, నిద్రపోయే వేళ, బ్యాటరీ అయిపోయినప్పుడు, యంత్రం మరమ్మతుకు వెళ్లినప్పుడు ఆ బిడ్డకు భాష ఎక్కడి నుంచి వస్తుంది? ఈ ఒక్క ప్రశ్నకు జవాబు లేకుండా ఇచ్చే సలహాను సంపూర్ణమైన సలహా అనలేను.

సైగలు అందిన పిల్లలు నోటి మాటలో వెనుకబడ్డారని చెప్పే 2017 నాటి ఆన్ గీర్స్ బృందపు అధ్యయనాన్ని మీలో చాలామంది తల్లిదండ్రులకు ఉదాహరణగా చూపుతారు. దాన్ని నిజాయితీగా చదవాలి. ఆ పిల్లలకు అందిన సైగలు ఎంత సంపూర్ణమైన భాష, తల్లిదండ్రులకు ఆ భాష మీద ఎంత పట్టు ఉంది అన్నది అందులో కొలవలేదని ఆ పత్రం వెలువడిన వెంటనే అనేకమంది పరిశోధకులు ఎత్తి చూపారు. మాట సరిగా రాని పిల్లల ఇళ్లలోనే సైగలను ఎక్కువకాలం కొనసాగిస్తారు కనుక, ఏది కారణమో ఏది ఫలితమో ఆ లెక్కల్లో తేలదు. జ్వరం ఉన్న ఇళ్లలో మాత్రలు ఎక్కువగా కనిపిస్తాయి, అందుకని మాత్రలే జ్వరం తెచ్చాయని ఏ వైద్యుడూ అనడు కదా. మరోవైపు, బధిర తల్లిదండ్రుల ఇంట పుట్టుక నుంచి సంజ్ఞా భాషతో పెరిగి ఇంప్లాంట్ పొందిన పిల్లల్లో, 2014లో కాథరిన్ డేవిడ్‌సన్, ఆమె సహచరులు పరీక్షించినవారు, నోటి భాషలో తమలాగే రెండు భాషలతో పెరిగిన వినగలిగిన పిల్లలతో పోల్చదగిన ఫలితాలు చూపారు. ఆ పిల్లల సంఖ్య చాలా చిన్నది, దాన్ని పట్టుకుని అంతా తేలిపోయిందని నేనూ అనను. కాని సైగ వస్తే మాట రాదన్న మాటకు ఆధారం ఇంత బలహీనంగా ఉన్నప్పుడు, ఆ మాట మీద ఒక తల్లి చేత ఆరేళ్లపాటు బిడ్డ చేతిని దించబెట్టడం ఏ వైద్య నీతికి సరిపోతుంది?

“బధిర పిల్లల్లో 90 శాతానికి పైగా వినగలిగిన తల్లిదండ్రులకే పుడతారు, వారికి సంజ్ఞా భాష రాదు, బిడ్డకు ఎలా నేర్పుతారు?” అని మీలో కొందరు అడిగారు. న్యాయమైన ప్రశ్న. నవోమీ కాసెల్లి, జెనీ పయర్స్, ఏమీ లీబర్మన్ 2021లో ఇచ్చిన జవాబు నాకు ఎంతో ధైర్యాన్నిచ్చింది. వినగలిగిన తల్లిదండ్రులకు పుట్టి, ఆరు నెలల వయసులోపే అమెరికన్ సంజ్ఞా భాష అందిన బధిర పిల్లల పదసంపద వయసుకు తగినట్టే పెరిగింది. ఆ తల్లిదండ్రులూ బిడ్డతోపాటే నేర్చుకుంటున్నవారే. తొలి ఏళ్లలో పసిబిడ్డకు కావలసిన మాటలు ఒక పెద్ద మనిషి నేర్చుకోలేనన్ని ఉండవు. బిడ్డకన్నా ఒక అడుగు ముందుంటే సరిపోతుంది. కుటుంబం ఎంతగా పాలుపంచుకుంటే పిల్లల భాష అంతగా ఎదుగుతుందని మేరీ పాట్ మెల్లర్ 2000లో చూపించారు. తల్లిదండ్రులను పక్కన కూర్చోబెట్టి నిపుణుడు బిడ్డతో అరగంట పని చేసి పంపే పద్ధతికి ఇది గట్టి హెచ్చరిక.

ఇక్కడ బధిర తల్లుల దగ్గర నేర్చుకోవలసింది చాలా ఉంది, దీన్ని మీ శిక్షణల్లో నేనింతవరకు చూడలేదు. వినగలిగిన తల్లి బంతిని చూపిస్తూనే ‘ఇదిగో బంతి’ అంటుంది, బిడ్డ కన్ను బంతి మీద ఉన్నా చెవికి మాట చేరుతుంది. బధిర బిడ్డ బంతిని చూస్తుంటే అమ్మ చేతిని చూడలేడు, అమ్మ చేతిని చూస్తే బంతి కనపడదు. బధిర తల్లులు దీన్ని ఎవరూ చెప్పకుండానే సర్దుకుంటారు. బిడ్డ తలెత్తి తన వంక చూసేదాకా ఆగుతారు. బిడ్డ చూపు మేరలోకి చేతిని తెచ్చి వస్తువు పక్కనే సైగ చేస్తారు, ఒక్కోసారి బిడ్డ ఒంటి మీదే సైగ చేస్తారు. భుజం మీద మెల్లగా తట్టి పిలుస్తారు. ఈ చిన్న చిన్న నేర్పులు కాగితం మీద రాసివ్వగలిగినవి కావు. ఒక బధిర మహిళ ఇంటికి వచ్చి బిడ్డతో ఆడుతుంటే పక్కన కూర్చుని చూస్తే వస్తాయి. బిడ్డకు వినికిడి లోపం ఉందని తెలిసిన మరునాడు ఆ తల్లి ఎంత కుమిలిపోతుందో నాకు తెలుసు. ఆ రోజున ఆమెకు చదువుకుని, ఉద్యోగం చేసుకుంటూ, పిల్లలను పెంచుకుంటున్న ఒక బధిర వ్యక్తిని పరిచయం చేయడంకంటే మంచి ఓదార్పు నాకు తోచదు. మీ క్లినిక్కుల్లో వైద్యులను, యంత్రాలను, శిక్షకులను కలిసిన తల్లిదండ్రులు, ఎదిగిన బధిరులను ఒక్కరినీ కలవకుండానే బిడ్డ జీవితం గురించి నిర్ణయం తీసుకుంటున్నారు.

మీ నుంచి నేను కోరుతున్నది ఇది. లోపం నిర్ధారణ అయిన నాడే సంజ్ఞా భాష గురించి చెప్పండి. మాట కోసం చేసిన ప్రయత్నమంతా ఓడిపోయాక మిగిలే దారిగా కాకుండా, యంత్రంతోపాటు ఆ రోజు నుంచే అందవలసిన భాషగా చెప్పండి. రెండింటిలో ఏదో ఒకటి ఎంచుకోవాలని తల్లిదండ్రులను ఒత్తిడి చేయకండి. అలాంటి ఎంపిక అవసరమని చూపే బలమైన ఆధారం ఏదీ లేదు. బధిర పిల్లలకు సంజ్ఞా భాష నేర్చుకునే వీలు కల్పించాలని 2006 నాటి ఐక్యరాజ్యసమితి వికలాంగుల హక్కుల ఒడంబడిక 24వ అధికరణ చెబుతోంది. ఆ బాధ్యత ప్రభుత్వాలదే అయినా, తల్లిదండ్రులకు ఆ సంగతి మొదట చెప్పగలిగిన స్థానంలో ఉన్నది మీరే. ఆరు నెలలకోసారి ఆడియోగ్రామ్ తీసినట్టే, ఆరు నెలలకోసారి బిడ్డ భాషను కొలవండి: ఏ భాషలో, ఎన్ని మాటలు, వాటిని ఎలా కలుపుతోంది, కథ చెబితే గ్రహిస్తోందా. వయసుకు తగినట్టు లేదని తేలితే బిడ్డను ఇంకా ‘వేచి చూద్దాం’ అని పంపకండి. ధ్వనిని గుర్తించడాన్నీ, మాటను పలకడాన్నీ భాషగా లెక్కవేసే అలవాటును పరిశోధకులు మానుకోవాలి. ‘సైగలు వాడిన బృందం’ అని రాసినప్పుడు ఆ సైగలు ఏ భాషవో, ఎవరు, రోజుకు ఎంతసేపు, ఎంత నైపుణ్యంతో వాడారో కూడా రాయాలి. మధ్యలో మానేసిన పిల్లలు, ఇంప్లాంట్ పక్కన పెట్టేసిన పిల్లలు మీ పట్టికల నుంచి మాయమవుతున్నారు. వారే తరువాత నా దగ్గరికి వస్తున్నారు. వారి లెక్క లేని సగటును తల్లిదండ్రులకు చూపడం సరికాదు. ఇక పరిశోధన బృందాల్లో బధిరులను కేవలం పరీక్షకు కూర్చునేవారిగా కాక, ప్రశ్నలు రూపొందించేవారిగా చేర్చుకోండి. ఈ పిల్లల బాల్యం ఎలా ఉంటుందో లోపలి నుంచి తెలిసినవారు వారొక్కరే.

నేను మొదట చెప్పిన పాప ఇప్పుడు నాలుగో తరగతిలో ఉంది. కొన్ని వందల సైగలు వచ్చాయి, ఇంటి సంగతులు చెబుతుంది, అమ్మ కూడా సైగలు నేర్చుకుంటోంది. ‘నిన్న’ ఇప్పుడు వచ్చింది. ‘నిన్న నేను చెప్పి ఉంటే నువ్వు వచ్చి ఉండేదానివా’ వంటి వాక్యం మాత్రం ఇంకా ఆమెకు అందడం లేదు. ఎంత ప్రయత్నించినా ఎక్కడో ఒకచోట తెగిపోతోంది. అదే తరగతిలో బధిర తల్లిదండ్రుల కొడుకు ఒకడు ఉన్నాడు. ఆడియోగ్రామ్ చూస్తే పాపకన్నా వాడి వినికిడి ఇంకా తక్కువ. వాడు ఆ వాక్యంతో ఆటలాడతాడు, పాపకు నాలుగైదు రకాలుగా విప్పి చెప్పి చూస్తాడు.

మీలో ఎవరైనా మా బడికి రాగలిగితే రండి. మొదటి పీరియడ్‌కు వస్తే ఇద్దరూ పక్కపక్కనే కూర్చుని ఉంటారు. మీరు వారితో నేరుగా మాట్లాడేందుకు దుబాసీని నేను ఏర్పాటు చేస్తాను. తల్లిదండ్రులు అనుమతిస్తే ఆ ఇద్దరి ఫైళ్లను కూడా పక్కపక్కన పెట్టి చూపిస్తాను.

ఇట్లు,
బధిర పిల్లల బడిలో ఒక ఉపాధ్యాయురాలు